మా బావిలో దొరికిన సూటి గుల్ల

నాకు చిన్నప్పటి నుంచీ నోరెక్కువ. కొత్త మాట ఒకటి నేర్చుకున్నానంటే దాన్ని నలుగురి ముందు వాడేదాకా కడుపుబ్బరంగా ఉండేది. ఇంటర్మీడియట్ రెండో సంవత్సరంలో అలా నేర్చుకున్న మాట ఆర్థోకోన్. ఆ మాటను నేను వాడిన తీరు వల్ల మా నాయిన తవ్విస్తున్న బావి రెండేళ్లు ఆగిపోయింది, ఒక పెద్దమనిషికి పని లేకుండా పోయింది. అందుకే దాని అర్థం ఇవాళ నిద్రలో లేపి అడిగినా చెప్పగలను.

డెబ్బైల చివర జహీరాబాద్‌లో మా కాలేజీ లైబ్రరీ అంటే రెండు బీరువాలు, ఒక పొడుగు బల్ల. అందులో ఇటుకంత మందం ఇంగ్లీషు జువాలజీ పుస్తకం ఒకటుండేది. ఇంటికి ఇచ్చేవారు కాదు, అక్కడే కూర్చుని చదవాలి. మధ్యాహ్నం డబ్బాలో అన్నం తినేసి నేను అందులో బొమ్మలు చూసేదాన్ని. ఒకరోజు ఒక ఫోటో దగ్గర చెయ్యి ఆగింది. బూడిదరంగు బండ మీద పొడుగ్గా, ఒక కొస సన్నగా ఉన్న గుల్లలు, సంతలో ముల్లంగి గడ్డలు కుప్ప పోసినట్టు పడి ఉన్నాయి. ఒక్కోదాని మీద వెదురు కణుపుల్లా అడ్డగీతలు. కింద ఆ మాట ఉంది. గ్రీకులో ఆర్థో అంటే సూటి, కోన్ అంటే శంకువు అని డిక్షనరీ చెప్పింది. చుట్టలు చుట్టుకోకుండా సూటిగా పెరిగిన గుల్ల అన్నమాట. నేను నోటుబుక్కులో దానికి 'సూటి గుల్ల' అని పేరు పెట్టుకున్నాను.

ఆ గుల్లలో బతికిన జీవి కథ చదివితే నాకు మతిపోయింది. అది సముద్రపు జీవి. మెత్తటి ఒళ్లు, మూతి చుట్టూ చేతులు. గుల్ల చివరి గదిలో ఉండేది. ఒళ్లు పెరిగి గది ఇరుకైతే కొంచెం ముందుకు జరిగి, వెనక ఒక గోడ కట్టేసుకునేది. అలా గది వెనక గది. ఆ పాత గదుల్లో గాలి నిండి ఉంటే, గోడలన్నింటినీ పొడుచుకుంటూ ఒక సన్నటి గొట్టం ఈ చివర నుంచి ఆ చివరకు పోయేది. ఖాళీ చేసిన ఇళ్లన్నీ వెంట తీసుకుని తిరిగే జీవి! నీళ్లలో అది నిటారుగా నిలబడేదా, అడ్డంగా పడుకునేదా? ఇన్ని గదులుంటే తల కింది వైపు వేలాడేదా? మా జువాలజీ సారును అడిగితే, అది పరీక్షకు రాదని చెప్పి ఆయన పని ఆయన చూసుకున్నారు. నాకు మాత్రం వారం రోజులు అదే ధ్యాస.

సముద్రం సంగతి సరే, మా చెలకలో గొంతు తడుపుకోవడానికి చెంబెడు నీళ్లు ఉండేవి కావు. ఝరాసంగం పోయే దారిలో ఉండేది అది. వానను నమ్ముకుని జొన్న, కంది వేసేవాళ్లం. చుట్టుపక్కల బావులున్న వాళ్లు అల్లం పెట్టుకుని పచ్చగా ఉన్నారు. మా నాయినకు అల్లం అంటే పిచ్చి. ఎవరి పొలంలోనైనా అల్లం తవ్వుతుంటే అక్కడ ఆగి, ఒక ముక్క అడిగి తీసుకుని, దారి పొడుగునా వాసన చూసుకుంటూ వచ్చేవాడు. చెలకలో పై మడి అల్లానికేనని ఏనాడో మనసులో రాసి పెట్టుకున్నాడు. ఆ ఎండాకాలం, ఇంట్లో ఎన్ని అవసరాలున్నా పక్కనపెట్టి, బావికి ముగ్గు పోయించాడు.

తవ్వడానికి వచ్చిన మేస్త్రీ న్యాల్‌కల్ దగ్గర పల్లె ఆయన. అరవై దాటిన సన్నటి మనిషి. అటు బీదరు వైపు కూడా బావులు తవ్వి తవ్వి ఆయన మాటలో కన్నడం కలిసిపోయింది. ఆయనకు ఒక పద్ధతి ఉండేది. కొత్త పొర తగిలినప్పుడల్లా కిందికి దిగి, చిటికెడు తడి మన్ను తీసి, దాని మీద నోటితో ఊది, వాసన చూసి, నాలుక కొసన పెట్టుకునేవాడు. కళ్లు మూసుకుని కాసేపు అలాగే ఉండి, ఉమ్మేసి, అప్పుడు చెప్పేవాడు: ఇక్కడ పడే నీళ్లు తీపా, చవుడా, ఉప్పా, ఇంకెన్ని గజాలు పోవాలి అని. అందుకోసం బావి పని మొదలైన రోజు నుంచి నీళ్లు పడేదాకా ఆయన మిరపకారం ముట్టడు, ఉల్లిగడ్డ ముట్టడు, బీడీ కాల్చడు. నాలుక పాడవుతుందట. ఆయన కోసం మా అమ్మ రోజూ కారం లేని పప్పు విడిగా వండి, జొన్న రొట్టెలతో పంపేది. పసిపిల్లల తిండి తినే ఈ మేస్త్రీ ఏమిటని నేను నవ్వుకునేదాన్ని.

ఎర్రమన్ను పోయింది, మొరం పోయింది. తర్వాత నల్లరాయి. తోటాలు పెట్టి పేల్చి, గడ్డపారలతో పెళ్లగించి, తట్టల్లో నింపి గిరకతో పైకి లాగారు. నెల రోజులు అదే పని. ఒక పొద్దున నల్లరాయి కింద తెల్లటి సుద్దరాయి పొర బయటపడింది. చేత్తో ముట్టుకుంటే చెమ్మ. మేస్త్రీ దిగి నాలుక మీద పెట్టుకుని పైకి వచ్చాడు. ఆయన ముఖం వెలిగిపోతోంది.

"తీపే పటేలా. ఇంకో మూడు గజాలు పోనియ్యి" అన్నాడు.

మా నాయిన తువ్వాలతో ముఖం తుడుచుకున్నాడు, రెండుసార్లు.

ఇంకేముంది, అంతా బాగానే ఉండేది, నేను ఆ రోజు చెలకకు పోకపోయి ఉంటే. పప్పు గిన్నె ఇచ్చి, పైకి లాగి పోసిన సుద్దరాయి కుప్ప మీద కూర్చున్నాను. చేతికేదో తగిలింది. చిటికెన వేలంత రాయి. ఒక కొస సన్నగా, రెండో కొస విరిగి ఉంది. సూటిగా ఉంది. మట్టి తుడిస్తే మీద అడ్డంగా గీతలు, కణుపుల్లాగే. పుస్తకంలో ఫోటో చూసి నాలుగు నెలలు కాలేదు, ఆ ఫోటో నా అరచేతిలోకి వచ్చి కూర్చుంది. జహీరాబాద్ తాలూకాలో ఆ మాట తెలిసినది బహుశా నేనొక్కదాన్నే. నాకే దొరికింది!

పరుగెత్తుకుంటూ పోయి చెప్పాను. ఇది ఆర్థోకోన్ అని, కోట్ల ఏళ్ల కిందటి సముద్రపు జీవి అని, అంటే మన బావి అడుగున ఒకప్పుడు సముద్రం ఉండేదని. అక్కడితో ఆగినా బాగుండేది. సముద్రం అంటే ఉప్పే కదా, కాబట్టి ఈ పొర కింద పడేవి ఉప్పునీళ్లే అని తేల్చేశాను. ఉప్పునీళ్లు పెడితే అల్లం కుళ్లిపోవడమే కాదు, నేల కూడా చవుడు పట్టిపోతుందని కూడా చెప్పాను.

మేస్త్రీ రాయిని అటూ ఇటూ తిప్పి చూశాడు. కోపం లేదు ఆయనకు. నాలుకకు తీపే తగిలింది బిడ్డా అని మాత్రం అన్నాడు. నాకు మాత్రం ఒళ్లు మండింది. పక్క చెలకల వాళ్లు అయిదారుగురు చేరి ఉన్నారు. వాళ్లందరి ముందు అన్నాను:

"కోట్ల ఏండ్ల కిందటి ముచ్చట నీ నాలుకకెట్ల తెలుస్తది తాతా? అది పుస్తకంల ఉంటది."

వాళ్లు నవ్వారు. నేను కూడా నవ్వాను. మేస్త్రీ రాయిని నా చేతిలో పెట్టి, పక్కకు పోయి మోకు చుట్టుకోవడం మొదలుపెట్టాడు.

మా నాయిన ఆ సాయంత్రందాకా బావి గట్టు మీదే కూర్చున్నాడు. ఆయనకు చదువు రాదు. తన బిడ్డ చదువుకుంటోందని ఊరంతా చెప్పుకునేవాడు. అలాంటి మనిషి, బిడ్డ మాట కాదని మేస్త్రీ నాలుకను ఎలా నమ్ముతాడు? మర్నాడు పని ఆపించాడు. నాకు మిడిసిపాటు ఎంతంటే, కాలేజీలో ఆ రాయిని అందరికీ చూపించాను. దూదిలో చుట్టి, బిళ్లల డబ్బాలో పెట్టి, పైన చీటీ అంటించి ఆర్థోకోన్ అని రాశాను.

మా వైపు ఒక కబురు పోవాలంటే హైవే మీది చాయ హోటల్ చాలు. వారం తిరిగేసరికి మా బావిలో సముద్రం పడిందని సంతలో చెప్పుకున్నారు. చేపలు కూడా పడ్డాయని ఒకాయన మా నాయిననే అడిగాడు. కానీ ఆ కబురుకు ఒక తోక ఉందని నాకు ఆలస్యంగా తెలిసింది. సముద్రం మీద నిలబడి తీపి అని చెప్పిన మేస్త్రీ అట! ముసలాయన నాలుక చచ్చిందట! ఆ ఏడు ఆయనను బావికి పిలిచినవాళ్లు లేరు. మరుసటి ఏడు కూడా లేరు. ఒకసారి జహీరాబాద్ బస్టాండులో కనిపించాడు, గోడకు ఆనుకుని బీడీ కాలుస్తున్నాడు. ఎండాకాలం, బావులు తవ్వే రోజులు. ఆ నెలల్లో ఆయన నోట్లో బీడీ ఎవరూ చూసి ఉండరు. నాకు ఎక్కడో చురుక్కుమంది. అయినా పలకరించకుండా తల తిప్పుకుని బస్సెక్కాను. ఆ పని తలచుకుంటే నా మీద నాకే అసహ్యం వేస్తుంది.

అప్పటికి నేను హైదరాబాద్‌లో హాస్టల్లో ఉండి డిగ్రీ చదువుతున్నాను. రెండో ఏడు సెలవులకు వచ్చినప్పుడు, భూమిలో నీళ్ల లోతు కొలిచే ఆఫీసు నుంచి ఒక జియాలజిస్టు మా వైపు బావులు చూడటానికి వచ్చాడు. మా సగం బావి దగ్గర ఆగి, సుద్దరాయి దాకా వచ్చి ఎందుకు వదిలేశారని మా నాయినను అడిగాడు. మా నాయిన గర్వంగా నన్ను చూపించాడు. నేను ఇంకా గర్వంగా డబ్బా తెరిచాను.

ఆయన రాయిని తీసుకుని మొదట చేసిన పని ఏమిటో తెలుసా? నాలుకతో నాకాడు. నేను నోరు వెళ్లబెట్టాను. తడిస్తే గీతలు తేటగా కనిపిస్తాయి, సుద్ద అయితే నాలుకకు అంటుకుంటుంది, మా పనిలో అందరం నాకేవాళ్లమే అని నవ్వి, జేబులోంచి చిన్న అద్దం తీసి చూశాడు. చూసి, తను ఏమీ చెప్పకుండా, ఇంట్లో సానరాయి ఉందా అని అడిగాడు. దీన్ని నిలువునా సగానికి అరగదీసి చూడు, ఆర్థోకోన్ అయితే లోపల ఏం కనిపించాలో నీకు తెలుసు కదా, రేపు మళ్లీ ఇటే వస్తాను అని వెళ్లిపోయాడు.

తెలుసు. నిచ్చెన కనిపించాలి. అడ్డంగా గోడలు, ఒకదాని మీద ఒకటి, గోడలన్నింటినీ కలిపే గొట్టం. కొడవళ్లు నూరే సానరాయి మీద నీళ్లు చల్లుకుంటూ అరగదీశాను. వేళ్లు మండాయి. మధ్యాహ్నానికి సగం అరిగింది. కడిగి చూశాను. నిచ్చెన లేదు. నడుమ ఒక సన్నటి స్తంభం, దానికి అటొక గూడు, ఇటొక గూడు, మళ్లీ అటు, మళ్లీ ఇటు, జడ అల్లినట్టు. మర మేకులా తిరుగుతూ పెరిగిన గుల్ల అది. నేను అడ్డగీతలు అనుకున్నవి చుట్టలు. అరిగిపోయి అడ్డంగా కనిపించాయి, అంతే. మా చెరువులో బురద మీద పాకే నత్తకు పొడుగు చుట్టం. నాకు తల కొట్టేసినట్టయింది. కానీ నిజం చెప్పొద్దూ, ఆ సిగ్గులో కూడా ఆ గూళ్లను చాలాసేపు చూస్తూ కూర్చున్నాను. అంత బాగుంది అది.

మర్నాడు వచ్చి ఆయన చెప్పిన మాటలు నాకింకా గుర్తు. ఆర్థోకోన్ అన్నది ఒక జీవి పేరు కాదట, ఆకారానికి పెట్టిన మాట. పొడుగాయన అంటాం, పొడుగాయనలందరూ అన్నదమ్ములవుతారా అన్నాడు. వెనకటి పండితులు కూడా సూటిగా కనిపించిన ప్రతి గుల్లనూ ఒకే పేరు కింద జమ చేశారట. తర్వాత కోసి చూస్తే, ఒకదానికొకటి సంబంధం లేని రకరకాల జీవులు సూటి గుల్లలు కట్టుకున్నాయని బయటపడింది. అందుకని ఆ మాటను ఇప్పుడు ఆకారం చెప్పడానికే వాడతారు. అదీ ఎప్పుడు? లోపల గదులున్నాయని చూశాకే. బయటి రూపు చూసి కాదు. పైగా ఆ పుస్తకంలోవి దాదాపు అన్నీ అంతరించిన చాలా కాలానికి గానీ మన నల్లరాయి పుట్టలేదు. ఒక నల్లరాతి పొర పరుచుకున్నాక, దాని మీద ఇంకో పొర పడేలోపు ఇక్కడ ఒక మంచినీళ్ల మడుగు ఉండేది, ఈ నత్త దాంట్లోది.

"ఒకవేళ సముద్రపు గుల్లే అయినా, ఆ సముద్రం నీళ్లు ఇంకా అడుగున ఉన్నాయని నీకెవరు చెప్పారమ్మా?" అన్నాడు చివరికి.

ఎవరూ చెప్పలేదు. ఏ పుస్తకంలోనూ లేదు. అది నా సొంత కవిత్వం.

మా నాయిన పక్కనే నిలబడి అంతా విన్నాడు. నన్ను తిడతాడనుకున్నాను. తిట్టినా బాగుండేది. మేస్త్రీ ఊరికి పోదాం పద అని మాత్రం అన్నాడు. ఇద్దరం న్యాల్‌కల్ బస్సెక్కి, దిగి నడిచి పోయాం. మేస్త్రీ రోడ్డు పక్కన కంకర కొడుతున్నాడు. అరగదీసిన రాయి చేతికిచ్చి, ఇది సముద్రానిది కాదు, మంచినీళ్ల నత్త, నేనే తప్పు చెప్పాను తాతా అన్నాను. ఆయన ఆ గూళ్ల మీద గోరుతో గీసి చూసి, ఎంత ముద్దుగున్నదో అన్నాడు. సోమవారం వస్తానని మా నాయినకు చెప్పాడు.

వచ్చాడు. పని మొదలైంది. అమ్మ ఎప్పటిలాగే కారం లేని పప్పు విడిగా వండి నా చేతికిచ్చి పంపింది. మేస్త్రీ రొట్టె విరిచి, పప్పు చూసి, కూలీల దగ్గర కారప్పొడి అడిగి తీసుకుని కలుపుకున్నాడు. ఉల్లిగడ్డ కూడా కొరికాడు. మా నాయిన నా వైపు చూశాడు. ఇద్దరికీ అర్థమైంది.

నాలుగో రోజు పొర తడిగా, మెత్తగా మారింది. అందరూ పని ఆపి మేస్త్రీ కోసం చూశారు. ఆయన దిగి, పిడికెడు మన్ను తీసుకుని పైకి వచ్చి, నా ముందు చెయ్యి చాపాడు.

"నువ్వే చూసి చెప్పు బిడ్డా. రెండేండ్ల సంది నేను నాలుక మీద మన్ను పెడ్తలేను. అది అబద్ధమాడుతదేమోనని నాకే భయమైతున్నది" అన్నాడు.

వెక్కిరింపు కాదు అది. నిజంగానే అడుగుతున్నాడు. నేను చిటికెడు తీసి నాలుక మీద పెట్టుకున్నాను. మన్ను మన్నులా ఉంది. తీపి లేదు, ఉప్పు లేదు. నలభై ఏళ్లు ఆయన నాలుక చదివిన దాంట్లో నాకు ఒక్క అక్షరం కూడా అంతుబట్టలేదు. అందరూ నా నోటి వంకే చూస్తున్నారు, రెండేళ్ల కింద చూసినట్టే. అదే గట్టు, అదే మనుషులు.

"నాకు తెలుస్తలేదు తాతా" అన్నాను. పుట్టి బుద్ధెరిగాక నలుగురిలో ఆ మాట అనడం అదే మొదలు. కళ్లనీళ్లు వచ్చాయి. "నాకెరుక లేదు. నువ్వే చూడు."

ఆయన మన్నును గట్టు మీద పెట్టి, మా నాయినతో ఇవాళ కాదన్నాడు. కారం తిన్నాను, మూడు రోజులు ఆగండి అన్నాడు. మూడు రోజులు పని ఆగింది. మూడు రోజులూ అమ్మ కారం లేని పప్పు వండింది, నేను మోసుకుపోయి, ఆయన తినేదాకా ఎదురుగా కూర్చున్నాను. బీడీకట్ట గట్టు కింద రాయి పక్కన పడి ఉంది, ఆయన దాని జోలికి పోలేదు. ఆ మూడు రోజుల్లో ఆయన ఏ పొరకు ఏ రుచి ఉంటుందో చెబుతుంటే నా పాత నోటుబుక్కులో, సూటి గుల్ల బొమ్మ వెనక పేజీలో రాసుకున్నాను.

నాలుగో పొద్దున ఆయన నోరు పుక్కిలించి బావిలోకి దిగాడు. మన్ను మీద ఊదాడు, వాసన చూశాడు, నాలుక కొసన పెట్టుకుని కళ్లు మూసుకున్నాడు. పైన గట్టు మీద నుంచి మేం వంగి చూస్తున్నాం.

"తీపే పటేలా. రెండు గజాలు" అని కింది నుంచి కేకేశాడు.

నీళ్లు గజమున్నరకే పడ్డాయి. తియ్యగా ఉన్నాయి. మా నాయిన ఆ ఏడే పై మడిలో అల్లం పెట్టాడు. మేస్త్రీ చెప్పిన లెక్క అరగజం తప్పిందని ఆ రోజు టేపు పట్టుకుని కొలిచింది నేనే. ఆ సంగతి ఇన్నేళ్లలో ఎవరికీ చెప్పలేదు.